పేరు మారని పట్టా

ఒంగోలు నుండి చీమకుర్తికి పోవు బాటపై ప్రయాణించువారికి ఊరికంటె ముందు రాయి కనబడును. దొంతరలుగా పేర్చిన నల్లని బండలు. నీరు చల్లి చూచినచో వానియందు బంగారు రజను వలె మెరయు చుక్కలు. గెలాక్సీ గ్రానైటు అను పేరుతో దేశదేశములకు పోవుచున్న రాయి యిదియే. ఆ గోతుల యంచు దాటి కొంత దూరము పోయినచో మరల మన మెరిగిన సీమయే: ప్రత్తి, మిరప, పొగాకు, కంది. ఒకప్పుడు ఈ మెట్ట పొలములకు వాన కురిసిన యేట ఒక వెల, కురియని యేట ఒక వెల. ఇప్పుడు నేల క్రింద రాయి యున్నదేమో యను అనుమాన మొక్కటి చాలును, అన్నదమ్ములు మాటలు మానుకొనుటకు.

గ్రామసీమల కార్యక్రమమునకు ధ్వనిముద్రణ చేయుటకై మే మా ప్రాంతమునకు పోయినపుడు ఒక పెద్దమ్మ మమ్ము తన యింటి అరుగుపై కూర్చుండబెట్టి, లోపలి నుండి ఒక రేకుపెట్టె తెచ్చినది. అందులో పాతగుడ్డలో చుట్టిన కాగితముల కట్ట యున్నది. ఆమె భర్త పేర 2 ఎకరముల 40 సెంట్ల మెట్ట కలదు. ఆయన గతించి మూడేండ్లయినది. పోయిన రెండు నెలలకే వారసత్వపు అర్జీ పెట్టినారు. పిమ్మట రెండవ అర్జీ, మూడవ అర్జీ. 1-బి పత్రమునందు మాత్రము నాటికిని ఆయన పేరే. పంట రుణమునకు పోగా అచటి ఉద్యోగి, "రికార్డులో ఉన్నాయన్ని తీసుకురా అమ్మా" అన్నాడట. "యాడ నుంచి తీసుకురాను అబ్బాయా?" అని ఆమె నవ్వినది. ఆ నవ్వు మాకు మరపు రాలేదు. అది ఏ కార్యాలయమో ఇచట చెప్పబోము. ఆ కథ ఏ మండలమునందైనను జరుగవచ్చును.

లేచి వచ్చునపుడు ఆమె అడిగిన ప్రశ్న యిది: "కోర్టుకెక్కితే నా పేరు ఎక్కుద్దంటావా?"

ఆనాడు మేము సమాధానము చెప్పలేకపోతిమి. ఎక్కుననినను తప్పే, ఎక్కదనినను తప్పే. అందులకు కారణము తెలియవలె నన్నచో ముందుగా ఆ పుస్తక మెట్టిదో తెలియవలెను.

పట్టా యనగా భూమికి యజమానిని చూపు పత్రమని మన మందరము అనుకొందుము. దాని పుట్టుక అట్టిది కాదు. పందొమ్మిదవ శతాబ్ది ప్రథమ పాదమున థామస్ మన్రో మొదలైనవారు మద్రాసు రాజధానిలో నెలకొల్పిన రైతువారీ పద్ధతిలో, ఈ పొలమునకు శిస్తు ఎవరు కట్టవలెను అను ప్రశ్నకు సమాధానముగ పట్టా వెలసినది. అనంతర కాలమున రెవిన్యూ బోర్డువారి స్టాండింగు ఆర్డర్లలో 31వది పట్టా మార్పిడిని గూర్చి నియమములు చెప్పినది. దాని యందును ప్రధానమైన చింత శిస్తును గూర్చియే. శిస్తు వసూలుకొరకు పుట్టిన పుస్తకము నేడు రుణమునకు, ప్రభుత్వ సహాయమునకు, విక్రయమునకు, గని కౌలునకు తాళపుచెవి యయినది. ప్రధానమంత్రి కిసాన్ సమ్మాన్ నిధి యను పేర 2019లో ఏటికి 6,000 రూపాయలిచ్చు పథకమును కేంద్ర ప్రభుత్వము ఆరంభించినపుడు, ఆ యేటి ఫిబ్రవరి 1వ తేదీ నాటికి రికార్డులో ఎవరి పేరున్నదో చూచి, ఆ పిమ్మటి మార్పులలో యజమాని మరణమువలన వచ్చిన వారసత్వమునకు మాత్రమే మినహాయింపు నిచ్చిరి. మినహాయింపు కలదు గాని, ఆ వారసత్వము రికార్డు కెక్కనిచో దాని నెట్లు చూపవలెను?

ఈ ప్రాంతపు రికార్డులకు మరియొక కష్టము కూడ కలదు. ఒంగోలు ప్రాంతము మొదట నెల్లూరు జిల్లాలో నుండి, 1904లో గుంటూరు జిల్లా యేర్పడినపుడు అందులో చేరి, 1970లో ప్రత్యేకముగ ఒంగోలు జిల్లా యయి, 1972లో టంగుటూరి ప్రకాశం పంతులుగారి పేర ప్రకాశం జిల్లా యయినది. పొలము కదలలేదు, కాగితములు మాత్రము జిల్లా నుండి జిల్లాకు తరలినవి. 1984 జనవరిలో కరణము, మునసబు పదవులు రద్దయినవి. ఆ మరుసటి యేడు తాలూకాలు పోయి మండలములు వచ్చినవి. కరణముగారిని గూర్చి గ్రామస్థులకు ఎన్ని ఫిర్యాదు లుండినను, ఏ పొలము ఎవరి తాతదో ఆయన నాలుకపై నుండెడిది. ఆ జ్ఞాపకము ఏ పుస్తకములోనికిని ఎక్కలేదు. తరువాత రికార్డులు వెబ్‌ల్యాండ్ అను కంప్యూటరులోనికి మారినవి. 2015 నుండి మీభూమి ద్వారా ఎవరైనను తమ అడంగలును, 1-బిని ఇంటనుండియే చూచుకొనగలుగుచున్నారు. ఇది మేలే. అయితే పాత పుస్తకములోని తప్పు క్రొత్త యంత్రములోనికి ఎక్కినపుడు తప్పు దిద్దబడదు. చక్కని అచ్చులో కనబడును, అంతే.

ఇక చట్టము. ఆంధ్రప్రదేశ్‌లో ఈ విషయమునకు ఆధారము 1971 నాటి భూమి హక్కులు, పట్టాదారు పాసుపుస్తకముల చట్టము. దాని 4వ సెక్షను ప్రకారము, వారసత్వము వలన గాని, భాగ పరిష్కారము వలన గాని, కోర్టు డిక్రీ వలన గాని, మరే విధమున గాని భూమిపై హక్కు పొందినవారు 90 రోజులలో ఆ సంగతిని వ్రాతమూలకముగ మండల రెవిన్యూ అధికారికి, అనగా నేటి తహసీల్దారుకు, తెలుపవలెను. తెలిపినవారికి ఆయన వ్రాతమూలకముగ రసీదు నీయవలెను. క్రయ విక్రయములయందు రిజిస్ట్రేషను అధికారియే తహసీల్దారుకు వర్తమానము పంపవలెనని అదే సెక్షనులో కలదు. చావునకు రిజిస్ట్రారు లేడు గదా, వారసత్వమును మాత్రము వారసుడే పోయి చెప్పుకొనవలెను. ఎక్కువ కష్టము అచ్చటనే వచ్చుచున్నది.

తహసీల్దారు పిమ్మట చేయవలసిన పనిని 5వ సెక్షను చెప్పుచున్నది. విచారణ జరుపవలెను, ఆసక్తి గలవారికి నోటీసు నీయవలెను, అభ్యంతరములు వినవలెను, ఆపైన మార్చవలెను, లేదా కారణము చెప్పి తిరస్కరింపవలెను. చావడి గోడకు ప్రకటన అంటించినంత మాత్రమున చాలదనియు, రికార్డులో పేరుండి మార్పువలన నష్టపోవువారికి ప్రత్యేకముగ వ్రాతపూర్వకమైన నోటీసు చేరవలెననియు మన హైకోర్టు పూర్తి ధర్మాసనము 2007లో శేరిలింగంపల్లి మండలమునకు సంబంధించిన వ్యాజ్యములో తీర్పు చెప్పినది. కావున "నోటీసు లన్నియు ఎందుకు, వెంటనే మార్చివేయరాదా" అని తహసీల్దారుపై విసుగుకొనుట తగదు. రేపు మనకు తెలియకుండ మన పేరు తీసివేయకుండ కాపాడునది కూడ ఆ నోటీసే.

ఇచట తహసీల్దారు పక్షమున ఒక మాట చెప్పవలసియున్నది. ఎన్నికలు, వరదలు, కుల ధ్రువపత్రములు, ఆదాయ ధ్రువపత్రములు, మంత్రుల పర్యటనలు, భూసేకరణ, ఇవి యన్నియు ఆ యొక్క బల్ల మీదనే పడును. ఆలస్య మంతయు దురుద్దేశమే యనుకొన్నచో మనము సగము కేసులలో పొరబడుదుము. అయినను ఉద్యోగికి పని హెచ్చుగ నున్నదని రైతు వడ్డీవ్యాపారి యింటికి పోవలసినదేనా? మిరపకు పెట్టుబడి పెట్టవలసిన ఋతువు ఫైలు కొరకు నిలువదు.

ఇప్పుడు అసలు విషయమునకు వత్తము. మూడు సందర్భములను వేరువేరుగ చూడవలెను. వానిని కలగలిపివేయుట చేతనే పెక్కుమంది రైతులు తగని కోర్టునకు పోయి ధనమును, కాలమును పోగొట్టుకొనుచున్నారు.

అర్జీని తహసీల్దారు తిరస్కరించినాడనుకొందము. అది ఆలస్యము కాదు, నిర్ణయము. దానిపై 60 రోజులలో రెవిన్యూ డివిజనల్ అధికారికి అప్పీలు కలదు. చీమకుర్తి వారికి ఆ కార్యాలయము ఒంగోలులోనే యున్నది. ఆ పైన 9వ సెక్షను క్రింద కలెక్టరుకు పునర్విచారణాధికారము కలదు. సాధారణముగ జాయింటు కలెక్టరు వినును. ఈ మెట్లు వదలి సరాసరి హైకోర్టునకు పోయినచో, "ముందా మెట్లు ఎక్కి రండు" అనుటయే తరచు జరుగును.

రెండవది తగవు. తమ్ముడు వచ్చి "ఇది మా నాయన స్వార్జితము కాదు, ఉమ్మడి ఆస్తి" అనవచ్చును. చెల్లెలు వచ్చి "నా భాగ మేది?" అనవచ్చును. గ్రానైటు సీమలో ఈ రెండవ ప్రశ్న ఎక్కువగ వినబడుచున్నది, వినబడవలసినదే. ఉమ్మడి కుటుంబపు ఆస్తిలో అవివాహిత కుమార్తెలకు కొడుకులతో సమానమైన హక్కును మన రాష్ట్రము 1985 సెప్టెంబరు 5వ తేదీ నుండి యిచ్చినది. దేశమంతటికి 2005లో వచ్చిన సవరణ వివాహితలకు కూడ ఇచ్చినది. ఆ సవరణనాటికి తండ్రి జీవించి యుండనక్కర లేదని 2020 ఆగస్టులో సుప్రీంకోర్టు తేల్చినది. ఆడబిడ్డను పెండ్లి చేసి పంపితిమి గదా యని కుటుంబ సభ్యుల పట్టికలో ఆమె పేరు వదలివేయు అలవాటు మాత్రము గ్రామములలో ఇంకను పోలేదు.

ఇట్టి తగవును తీర్చు అధికారము తహసీల్దారుకు లేదు. పట్టా మార్పిడి వలన హక్కు పుట్టదు, మార్పిడి లేనంత మాత్రమున హక్కు చావదు అని సుప్రీంకోర్టు పలుమారులు చెప్పినది. 2021 సెప్టెంబరులో మధ్యప్రదేశ్ నుండి వచ్చిన యొక వ్యాజ్యములో కూడ, హక్కుపై వివాదమున్నచో సివిలు కోర్టులో తేల్చుకొని, ఆ తీర్పును బట్టియే రికార్డు మార్చుకొనవలెనని చెప్పినది. మన 1971 చట్టపు 8వ సెక్షను కూడ ఈ మార్గమునే చూపుచున్నది. రికార్డులో పేరు వ్రాయించుటకై ప్రభుత్వముపై గాని, ఉద్యోగిపై గాని దావా వేయుటకు వీలు లేదు. మన హక్కును కాదనుచున్న వానిపై హక్కు ప్రకటన కొరకు దావా వేయవచ్చును. అందు గెలిచినచో రికార్డును ఆ తీర్పు ననుసరించి సవరింపవలెను. ఆ దావాకు సాధారణముగ మూడేండ్ల గడువు. అది హక్కును మొదట కాదన్న నాటినుండియే నడచును.

మూడవ సందర్భము పెద్దమ్మ చెప్పినట్టిది. తగవు లేదు, తిరస్కారము లేదు. ఉన్నదల్లా మౌనము. అర్జీ యిచ్చినారు, అవుననలేదు, కాదనలేదు. అప్పీలు వేయుదమన్నచో దేనిపై వేయవలెను? ఉత్తరువే లేదు. దావా వేయుద మన్నచో 8వ సెక్షను అడ్డము. ఈ చిక్కు కొరకే రాజ్యాంగమున 226వ అధికరణ మున్నది. చట్టము విధించిన కర్తవ్యమును అధికారి చేయకున్నచో, "చేయుము" అని ఆజ్ఞాపించు అధికారము హైకోర్టునకు కలదు. న్యాయవాదులు దీనిని మాండమస్ రిట్ అందురు. ఆంధ్ర రాష్ట్రపు హైకోర్టు 1954 జులైలో గుంటూరున ఆరంభమై, 1956 నవంబరులో హైదరాబాదునకు తరలి, 2019 జనవరి 1వ తేదీ నుండి అమరావతిలో నున్నది. ఒంగోలు రైతుకు హైకోర్టు మరల గుంటూరు సీమకే వచ్చినదన్న మాట.

ఈ రిట్టునకు ప్రాణము అర్జీ మీది తేదీ. అడిగితిమి, చేయలేదు అని చూపవలెను. నోటితో అడిగినది ఎన్నిసార్లయినను లెక్కకు రాదు. పెద్దమ్మ కట్టలో మూడు అర్జీల నకళ్లున్నవి గాని, కార్యాలయపు ముద్రయు తేదీయు ఉన్నది ఒక్కదానిపై మాత్రమే. తక్కిన రెండు ఇంటిలో వ్రాసికొన్న ఉత్తరములతో సమానము. మీసేవలో దరఖాస్తు చేసిన రసీదు, లేదా రిజిస్టర్డు తపాలాలో పంపిన అర్జీ నకలుతోపాటు అది చేరినట్లు తెలుపు రసీదు, ఇవి పదిలముగ నుంచుకొనవలెను. ఫైలు ఏ బల్లపై నున్నదో తెలియనిచో 2005 సమాచార హక్కు చట్టము క్రింద అడుగవచ్చును. 30 రోజులలో సమాధాన మీయవలెను. ఆ సమాధానము వచ్చినను సాక్ష్యమే, రాకున్నను సాక్ష్యమే.

ఖర్చు మాట కూడ చెప్పవలెను. హైకోర్టనగానే పొలము సగము అమ్మవలెనని మన పల్లెలలో భయము. 1987 నాటి న్యాయసేవల అధికార సంస్థల చట్టపు 12వ సెక్షను ప్రకారము స్త్రీలకు వారి ఆదాయముతో నిమిత్తము లేకుండ ఉచిత న్యాయసహాయము కలదు. షెడ్యూల్డు కులములు, తెగల వారికి కూడ అట్లే. ఒంగోలులో జిల్లా న్యాయసేవాధికార సంస్థ యున్నది. హైకోర్టునకు వేరుగ ఒక న్యాయసేవల కమిటీ యున్నది. ఈ సదుపాయము నెరుగనివారు ఇంకను ఎందరో కలరు.

సరే, రిట్టు వేసితిమి. న్యాయమూర్తి ఏమనును? ఇచ్చటనే రైతు ఆశకును చట్టమునకును తేడా వచ్చుచున్నది. "ఈమె పేరు వ్రాయుము" అని కోర్టు సాధారణముగ అనదు. "ఈమె అర్జీని చట్టప్రకారము విచారించి ఇన్ని వారములలో తగిన ఉత్తరు వీయుము" అనును. ఇంతమాత్రమునకేనా ఇంత శ్రమ యని అడుగువారు కలరు. పరిశీలింపుమనుటకు అర్థమేమో 2006లో ఆంధ్రప్రదేశ్ రోడ్డు రవాణా సంస్థ వ్యాజ్యములో సుప్రీంకోర్టు వివరముగ విడదీసి చెప్పినది: అది పరిశీలింపుమను ఆజ్ఞయే గాని, కోరినది ఇచ్చివేయుమను ఆజ్ఞ కాదు. మా అభిప్రాయమున ఇది చిన్న వరము కాదు. మౌనమునకు మందు లేదు, ఉత్తరువునకు కలదు. ఉత్తరువు అనుకూలమైనచో సరి, ప్రతికూలమైనచో అప్పీలునకు 60 రోజులు నడచుట మొదలగును. ఆగిన బండికి చక్రము కదలినట్లగును.

కోర్టు పెట్టిన గడువు దాటినను కదలనిచో కోర్టు ధిక్కారపు దరఖాస్తు వేయవచ్చును. దానికి ఒక యేడాది గడువు కలదు. అది దాటినచో సాధారణముగ విననే వినరు. ఉత్తరువు చేతికి వచ్చినదని సంతోషించి పెట్టెలో పెట్టుకొని కూర్చున్నవారిని మేమెరుగుదుము. పదునైదేండ్ల క్రింది హక్కును నిద్రలేపుటకు నేడొక అర్జీ యిచ్చి, దానిపై రిట్టు తెచ్చుకొనుటయు చెల్లదు. పాతబడిన కోరికకు క్రొత్త అర్జీ ప్రాణము పోయదని 2008లో సుప్రీంకోర్టు స్పష్టము చేసినది. రిట్టునకు చట్టములో గడువు లేదు గాని న్యాయమూర్తి కన్నులు క్యాలెండరును చూడకపోవు.

తెలంగాణలోని శ్రోతలు ఈ సెక్షనుల సంఖ్యలను తమకు వర్తింపజేసికొనరాదు. అచట 2020లో ఒక క్రొత్త చట్టము, 2025లో భూభారతి చట్టము వచ్చినవి. మన వైపున కూడ 2022 నాటి భూమి హక్కు చట్టము 2023 అక్టోబరులో అమలునకు వచ్చి, 2024లో రద్దయినది. సివిలు కోర్టుకు పోవు దారి మూతపడునేమో యను భయమే దానిపై వచ్చిన ఆందోళనలో ప్రధానమైనది. కోర్టుల ఆలస్యమును నిత్యము దూరు రైతులే ఆ దారి మూతపడరాదని పట్టుబట్టిరి.

పెద్దమ్మ సంగతి చెప్పి ముగింతుము. ముద్ర యున్న ఆ యొక్క అర్జీని పట్టుకొని ఆమె కుమారుడు ఒంగోలులో న్యాయసహాయమునకు పోయినాడు. రిట్టు పడినది. ఎనిమిది వారములలో నిర్ణయింపవలెనని ఉత్తరువు వచ్చినది. విచారణకు పిలిచినపుడు గాని ఫైలు ఆగిన కారణము బయటపడలేదు: కుటుంబ సభ్యుల ధ్రువపత్రములో పెండ్లియయి పోయిన కుమార్తె పేరు లేదు. ఎవరో గుమాస్తా ఆ మాట అంచున పెన్సిలుతో వ్రాసి ఫైలు ప్రక్కన పెట్టినాడు. ఆ ఒక్క ముక్క ఇంటివారికి చెప్పినవారు లేరు. మూడేండ్లలో ఆమె ఎన్ని మారులు బస్సెక్కినదో ఆమెకే తెలియదు.

కుమార్తెకు కబురు పంపిరి. ఆమె వచ్చి తహసీల్దారు ఎదుట తన వాఙ్మూలమిచ్చినది. భాగము వదలుకొనుదువా యని అన్న అడుగగా, వదలుకొనను, కాని పంట మీరే పండించుకొనుడు అన్నదట. రికార్డులో తల్లి పేరు, కొడుకు పేరు, కూతురి పేరు మూడును ఎక్కినవి. మరల మేము పోయినపుడు పెద్దమ్మ ఆ క్రొత్త 1-బిని మాచే చదివించుకొన్నది. మూడు పేర్లు విని, కాగితమును తిరిగి తీసికొని, "ఆయన పేరు యాడా లేదు గదా ఇప్పుడు" అన్నది.